తెర అడుగున దాగిన పరుగులు

నవంబరు నెల, రెండో ఆదివారం. కవిటి దగ్గర మా చెల్లెలి ఇల్లు. ఉన్నవాళ్ళు: నేను, మా చెల్లెలు, మా బావ, వాళ్ళ ఒక్కగానొక్క కూతురు.

డైరీలో పేజీ మొదలుపెట్టేటప్పుడు ఎవరెవరు ఉన్నారో ముందు రాసుకోవడం సర్వే ఆఫీసులో కొత్తగా చేరిన రోజుల నుంచి నాకున్న అలవాటు. పొలం కొలిచేటప్పుడు అక్కడ నిలబడ్డవాళ్ళ పేర్లు రాశాకే గొలుసు పరిచేవాళ్ళం. ఆ ఆదివారం నేను చేసిన పనల్లా టీవీలో బొమ్మ సరిచేయడమే. అయినా పేర్ల కింద ఒక్క వాక్యం కూడా ముందుకు సాగలేదు. ఆ పేజీని ఇవాళ పూర్తి చేస్తున్నాను.

నా ఈడువాళ్ళకు, ముఖ్యంగా ఉద్దానంలో పెరిగినవాళ్ళకు, కొబ్బరి మట్ట బ్యాటు గురించి చెప్పనక్కర్లేదు. మట్ట మొదలును కత్తితో చెక్కి, పట్టుకునే చోట పాత గుడ్డ చుట్టి, తోటలో చెట్ల మధ్యనే ఆడేవాళ్ళం. బంతి ఏ చెట్టు మొవ్వులోనో చిక్కుకుంటే కొట్టినవాడు అవుటయినట్టే, పైగా వాడే చెట్టెక్కి దాన్ని దింపాలి. మా బావ, అంటే మా మేనత్త కొడుకు, ఎంత ఎత్తున కొట్టేవాడంటే ఆట కంటే చెట్టు మీదే ఎక్కువసేపు ఉండేవాడు. బ్యాటు పట్టడం చేతకాని నాకు పరుగులు లెక్కపెట్టే పని ఇచ్చారు. చెట్టు పైనుంచే ఎంతయిందని బావ అరిచి అడిగేవాడు, నేను కిందనుంచి చెప్పేవాడిని. తక్కువ చెప్పినా ఎక్కువ చెప్పినా అతనికి తెలిసే దారి లేదు, తెలుసుకోవాలని అతను అనుకోనూ లేదు. తరవాత నాకు టెక్కలిలో ఉద్యోగం వచ్చింది, మా చెల్లెల్ని అతనికే ఇచ్చాం, అతను తోటలు చూసుకుంటూ ఊళ్ళోనే ఉండిపోయాడు.

వాళ్ళ అమ్మాయి టెక్కలిలో చదివేటప్పుడు ఒక పాత కంప్యూటరు నేనే చూసి కొనిపెట్టాను. వెనక పెద్ద బుర్ర ఉన్న, ముందు దాదాపు చదరంగా ఉన్న ఆ తెరను ఆర్టీసీ బస్సులో ఒళ్ళో పెట్టుకుని కవిటి తీసుకెళ్ళడం నాకింకా గుర్తే. అమ్మిన కుర్రాడు ఊరికే ఒక క్రికెట్ ఆట కూడా అందులో వేసి ఇచ్చాడు. అమ్మాయి చదువు అయిపోయింది, పలాసలో జీడిపప్పు ఫ్యాక్టరీ ఆఫీసులో పనికి కుదిరింది. ఆట మాత్రం వాళ్ళ నాన్నకు మిగిలింది. సాయంత్రం తోట నుంచి వచ్చి కాళ్ళు కడుక్కుని, రెండు వేళ్ళతో మీటలు నొక్కుతూ కూర్చుంటే మా చెల్లెలు అన్నానికి నాలుగుసార్లు పిలవాల్సి వచ్చేది.

ఆ ప్రాంతంలో ఎందరినో పట్టిన కిడ్నీ జబ్బు అతన్నీ పట్టింది. తోట పని మానేశాడు. సుగరు వల్ల చూపు మందగించింది, సన్నటి అక్షరాలు ఆనవు. పలాసలో రక్తం పరీక్ష చేయించి, ఆ కాగితం అమ్మాయి తెచ్చి చదువుతుంది. అందులో అంకె ఇంకా పెరిగితే డయాలసిస్ తప్పదని డాక్టరు చెప్పినప్పటి నుంచి ఇంట్లో అందరి ప్రాణం ఆ అంకె మీదే ఉంది. ఆటొక్కటే అతను దాన్ని మరిచిపోయే చోటు.

పాత తెర పాడైపోతే అమ్మాయి కంప్యూటరును హాల్లో ఉన్న పెద్ద టీవీకి తగిలించి, తండ్రి కళ్ళ కోసం అక్షరాల సైజు పెంచి పెట్టింది. అప్పటి నుంచి ఆట పాడుగా కనిపిస్తోంది. అది పాత చదరపు తెరల కాలంలో తయారైన ఆట. వెడల్పు టీవీ మీద బొమ్మ అడ్డంగా సాగిపోయింది. అక్షరాలు పెంచడం వల్ల ఆట కూడా పెరిగి, అంచులు తెర దాటిపోయాయి. పరుగులు కనిపించే అడుగు పట్టీ అసలు లేనేలేదు, ఆ లెక్క అమ్మాయే చెబుతోంది.

నేను స్కేలు తీయడం చూసి అమ్మాయి దగ్గరికొచ్చింది.

"ఒగ్గీ మావయ్యా. ఎలగోలాగ ఆడుకుంతన్నాడు కదా. ఉన్నది కాస్తా పోతే నాన్నకి తోసదు."

"ఒగ్గీడమేటే," అన్నాడు బావ. "మనుసులు పనసకాయల్లాగ అవుపడతన్నారు. బౌలింగుకొచ్చినోడు పరిగెడతన్నాడో దొర్లుతన్నాడో తెలీడం నేదు. మీ మావయ్య కొలిసిన గట్ల మీదే ఇంతవరకూ ఎవుడూ తగువెట్టనేదు, ఈ బొమ్మెంత?"

ఆ పిల్ల నా ముఖంలోకి మరోసారి చూసింది. కంప్యూటరు పాడవుతుందని భయపడుతోందనుకున్నాను. ఆ చూపు దగ్గర ఆగి ఉండవలసింది. సాగిన బొమ్మను చూస్తే నాకు చెయ్యి ఊరుకోదు. ఉద్యోగంలో పటాలు గీసీ గీసీ, గుండ్రంగా ఉండాల్సింది గుడ్డులా ఉంటే ఓర్చుకోలేని మనిషిని అయిపోయాను. ఆమె టీ పెట్టడానికి వంటింట్లోకి వెళ్ళిపోయింది.

ముందు కంప్యూటరులో ఒక గుండ్రం గీసి, టీవీ తెర మీద దాన్ని అటూ ఇటూ స్కేలుతో కొలిచాను. టీవీ మెనూలో బొమ్మ సైజు మార్చి అంచులు కోసేయకుండా చేశాను. కంప్యూటరులో బొమ్మ కొలత చెడకుండా సాగదీయమనే చోట గుర్తు పెట్టాను. చివరగా ఆట గుర్తు మీద నొక్కి, పెంచిన అక్షరాల లెక్క ఈ ఆటకు వర్తించకుండా చేశాను. ఒక్కటి మార్చడం, చూడడం, రాసుకోవడం, ఆ తరవాతే రెండోది. ఎప్పటిలాగే నా పద్ధతి నాకు ముచ్చటగా ఉంది. ఆట తెరిస్తే రెండు పక్కలా నల్లటి పట్టీలు, మధ్యలో నిటారుగా మనుషులు.

"ఓర్నీ, ఈడింత బక్కోడేటి బావా. ఇన్నాళ్ళూ ఈడికి భయపడ్డాను," అని బావ నవ్వాడు.

నిన్న సగంలో ఆపిన ఆటను మళ్ళీ మొదలుపెట్టాడు. రెండు బంతులయ్యాక అడుగున పెద్ద పెద్ద అంకెలు ఉన్నాయని గమనించి, కుర్చీ ముందుకు జరుపుకుని చదివాడు. గెలవడానికి ఇంకా యాభై పైనే కావాలి, మిగిలింది ఒక్క వికెట్టు. అప్పుడే వంటింట్లోంచి, చప్పుడు విని, రోజూ చెప్పే అలవాటు మీద అమ్మాయి అరిచింది.

"ఇంకో ఆరు కొడితే గెలిసీసినట్టే నాన్నా."

బావ అంకెల వంక చూశాడు, నా వంక చూశాడు. తరవాతి బంతికి అవుటయ్యాడు. తెర మీద ఇంగ్లీషులో ఏవో అక్షరాలు వచ్చాయి.

"గెలిసినట్టేనేటే?" అని అడిగాడు.

"మరేటి. నువ్వే నాన్నా."

"అయితే మంచిదే," అన్నాడు. కోపం లేదు గొంతులో. కీబోర్డును పక్కన పెట్టి, నాకు మాత్రమే వినపడేలా అన్నాడు: "బావా, నిన్న పలాస నుంచి రగతం కాయితం తెచ్చింది. అంకె తగ్గిందని సదివింది. అదీ ఇలగేనేటి?"

ఆ కాగితం నేను చూడలేదు. మన పిల్ల అలా చేయదు అన్నాను. నేను లేచి చూసి చెప్పాల్సింది, లేదా గట్టిగా అనాల్సింది. ఆ మాట మెత్తగా, నమ్మకం లేనట్టు వచ్చింది. అప్పటికి అమ్మాయి టీ గ్లాసులతో గుమ్మంలో నిలబడి ఉంది, టీవీ అడుగున అంకెలు చూస్తోంది.

తరవాత పెరట్లో నూతి దగ్గర నాతో అంది: "ఆటలోనే అబద్దమాడాను మావయ్యా, కాయితంలో ఆడనేదు. ఓడిపోతే ఆ పూట అన్నం ముట్టడు. అందుకని." నన్ను ఒక్క మాట అనలేదు. అని ఉంటే తేలికపడేవాడిని. కావాలంటే టీవీ మళ్ళీ ఎప్పటిలా పెట్టేస్తానన్నాను. ఆమె నా వంక చూసి చేద పైకి లాగింది.

మర్నాడు ఉదయం బావ కాలెండరు వెనక నుంచి ఆ కాగితం తీసి నా చేతికిచ్చాడు. కళ్ళజోడు పెట్టుకుని, పైన పేరు, తేదీ, కింద అంకె, అన్నీ చూశాను. అమ్మాయి చెప్పింది నిజమే. పోయినసారి కంటే తగ్గింది. అదే మాట, ఈసారి గట్టిగానే చదివాను. మా చెల్లెలు దేవుడి పటం వైపు తిరిగి దండం పెట్టుకుంది.

బావ నవ్వి కాగితం నా చేతిలోంచి తీసుకున్నాడు.

"నువ్వూ నేర్సుకున్నావేటి బావా?"

లేదు, చూడు, ఇక్కడ ఇలా ఉందని అంకె మీద వేలు పెట్టాను. అతనికి ఆనదని నాకు తెలుసు, అతనికీ తెలుసు. చొక్కా తొడుక్కుని, ఇంకోసారి రక్తం ఇచ్చి అక్కడివాళ్ళ చేతే చదివించుకొస్తానని, ఎవరూ కూడా రానక్కర్లేదని చెప్పి రోడ్డు మీదికి నడిచాడు. అమ్మాయి స్కూటీ తీసి స్టార్టు చేసి, నేను దింపుతాను నాన్నా అంది. అతను అప్పటికే ఆటో ఆపాడు.

ఆ ఇంట్లో ఒకరు చెప్పిన మాట ఇంకొకరు వినడానికి ఎన్నడూ ఏ కాగితమూ అవసరం కాలేదు. జబ్బు వచ్చాక కూడా, బయట ఏది పోయినా అది మిగిలింది. ఇప్పుడు ఆ పిల్ల చెప్పిన ఒక మంచి మాట నిజమని నమ్మడానికి ఆమె తండ్రి మరోసారి సూది గుచ్చించుకోవడానికి వెళ్తున్నాడు. ఆటో జీడితోటల మలుపు తిరిగేదాకా మేం ముగ్గురం గేటు దగ్గర నిలబడ్డాం. ఆమె స్కూటీ ఇంజను ఆపలేదు.