తడిగుడ్డల మూట

నా చిన్నప్పుడు ఇంట్లో నాకు అప్పగించిన పని ఒకటే, చెల్లి తడిపిన గుడ్డలు పిండి ఆరేయడం. అమ్మ పురుడు పోసుకున్న మూడో నెలలో పుట్టింటి నుంచి చెల్లిని ఎత్తుకుని చీపురుపల్లి దగ్గర మా ఊరికి వచ్చింది మొదలు నాకు ఆటా లేదు, పాటా లేదు. ఒక గుడ్డ తాడు మీద వేసి తిరిగేసరికి ఇంకోటి సిద్ధం. అసలే నాకు ఒకచోట కాలు నిలవదు. ఆ చాకిరీకి ఒళ్లు మండిపోయేది.

ఆ రోజుల్లోనే ఇంటిల్లిపాదికీ కంగారు పట్టుకుంది. అంతకుముందు అమ్మకి రవికె తడిసేంతగా పాలు కారేవి. ఉన్నట్టుండి కారడం ఆగిపోయింది, రొమ్ములు మెత్తబడ్డాయి. చెల్లేమో సాయంత్రమైతే చాలు, తాగడం, వదలడం, మళ్లీ ఏడవడం. పాలు వెనక్కి పోయాయని మా మామ్మ తేల్చేసింది. ఎవరి కన్ను పడిందోనని ఉప్పూ మిరపకాయలూ దిష్టి తీసి పొయ్యిలో వేసింది. సొరపిట్టు తింటే పాలు పడతాయని మా వైపు నమ్మకం, నాన్న సొరచేప కోసం సంతకి పరుగెత్తాడు. అమ్మ లేచేది, కూర్చునేది, వాకిట్లోకి వెళ్లి మళ్లీ వచ్చేది. బిడ్డ తన ఒళ్లోనే ఆకలికి మాడిపోతోందని ఆమె భయం. గొంతు ఎండినా నీళ్లు అడిగేది కాదు. బాలింత నీళ్లు ఎక్కువ తాగితే బిడ్డకి జలుబు చేస్తుందని మామ్మ కట్టడి.

ఇక లాభం లేదని ఆ మధ్యాహ్నం మామ్మ నాకు చెంబిచ్చి, పక్కింటి పెద్దమ్మ దగ్గర ఆవుపాలు పోయించుకు రమ్మంది. చెల్లికి పట్టడానికి ఉగ్గుగిన్నె కడిగి బోర్లించింది. అది చూసి అమ్మ మొహం గోడవైపు తిప్పుకుంది.

పెద్దమ్మ ఇంటినిండా పిల్లల్ని పెంచిన మనిషి. ఆదివారం చర్చిలో పాడితే ఆమె గొంతు మా ఇంటిదాకా వినిపించేది. పాలు వంచబోతూ ఎందుకని అడిగింది. అమ్మకి పాలు లేవని చెప్పి, అదే ఊపులో నా గోడు కూడా వెళ్లబోసుకున్నాను. గుడ్డలు పిండి పిండి చేతులు పడిపోతున్నాయనీ, ఈ పిల్ల తడిపినన్ని ఊళ్లో ఏ పిల్లా తడపదనీ ఏకరువు పెట్టాను. ఆమె చెయ్యి ఆగిపోయింది.

"ఏటే గుంటా, మళ్లీ సెప్పు," అంది.

మళ్లీ చెప్పాను. ఖాళీ చెంబుతోనే నన్ను వెనక్కి లాక్కొచ్చింది. నేరుగా మా పెరట్లోకి నడిచి, నేనింకా పిండని గుడ్డలన్నీ మూటగా ఎత్తి తెచ్చి అమ్మ ఒళ్లో పడేసింది. బాలింత ఒళ్లో తడిగుడ్డలేటే అని మామ్మ లబలబలాడింది.

"పాలు నేకపోతే ఇవెలాగ తడిసినాయే? నీ పాలు ఎక్కడికీ పోనేదు, దాని కడుపులోకే పోతన్నాయి," అంది పెద్దమ్మ. "మొదట్లో ఒంటికి లెక్క తెలీక పొంగిస్తాది, ఇప్పుడు అలవాటు పడ్డాది. పిల్ల ఎదుగుతన్నాది, అందుకే మాటిమాటికీ అడుగుతన్నాది. అడిగినప్పుడల్లా పట్టు. దాహమేస్తే నీళ్లు తాగు."

అమ్మ ఆ మూటని చేత్తో తడిమి చూసుకుంది. అప్పుడు ఏడ్చింది. ఆమెని చూసి నాకూ ఏడుపొచ్చింది. తర్వాత చెంబెడు నీళ్లు గటగటా తాగి చెల్లిని ఒళ్లోకి తీసుకుంది. ఉగ్గుగిన్నె బోర్లించినట్టే ఉండిపోయింది. నాన్న తెచ్చిన సొరచేపతో పిట్టు చేస్తే అందరం తిన్నాం. సాయంత్రాల ఏడుపు కొన్నాళ్లు సాగి, దానంతటదే తగ్గింది. నా చాకిరీ తగ్గలేదు గానీ, తాడు నిండా గుడ్డలు కనిపిస్తే ఒళ్లు మండటం మానేసింది.

మొన్న శృంగవరపుకోట నుంచి మనవరాలి ఫోను. బాబుకి పాలు చాలట్లేదు, ఇదివరకటిలా రావట్లేదు, డబ్బా పాలు తెప్పిస్తున్నానంటూ ఒకటే ఏడుపు. ఫోను పట్టుకుని గదంతా తిరుగుతూనే, బాబు డైపర్ విప్పి చేత్తో పట్టుకు చూడమన్నాను. విప్పి చూసింది.

"బరువుగానే ఉన్నాది అమ్మమ్మా," అంది.

తడి తగ్గిన రోజున మాత్రం ఆలోచించకుండా ఆస్పత్రికి పరుగెత్తమన్నాను. ముందు గ్లాసుడు నీళ్లు తాగమన్నాను. ఈ కంగారు నన్నింకా వదల్లేదు, వదలదు కూడా. కానీ భయం పుట్టిన చోటే కూర్చోకుండా, లేచి పెరట్లోకి వెళ్లి చేత్తో పట్టి చూడటం ఆ రోజు నుంచీ నాతోనే ఉంది. రేపు పొద్దున్నే బస్సెక్కుతున్నాను. పాత నూలుచీరలు చింపి సంచిలో సర్దాను. నేనక్కడ ఉన్నన్నాళ్లూ డైపర్లు పక్కన పెట్టమన్నాను. వాడి గుడ్డలు నేనే పిండుతాను.