తాలుకాయల బొమ్మల కథ

బుడ్డమ్మా, ఇవాళ పక్కింటి ఫోన్లో నీ బొమ్మల కథ పాట వినపడింది. చేతిలో చేట కింద పెట్టేశాను.

అప్పట్లో మన వీధిలో టీవీ మేం కూలికెళ్ళే ఆసామి ఇంట్లోనే ఉండేది. అందులో ఆ బొమ్మల కథ మొదలైన ఆదివారం ఇద్దరం వాళ్ళ గుమ్మం దగ్గర కూర్చున్నాం. రెక్కల్లేని పక్షి, ఒంటికొమ్ము దూడ, ఎవరికీ అక్కర్లేనివన్నీ ఒక అడవిలో కలుసుకున్నాయి. నువ్వు చప్పట్లు కొట్టావు.

"అమ్మా, అన్నీ తాలుకాయలేనే! నాలాగే!"

మిరప కల్లంలో ఎర్రకాయల్లోంచి మేం ఏరి పక్కన పోసే తెల్లమచ్చల కాయల్ని తాలు అంటారు. నీ ఒంటిమీద బొల్లి చూసి బడిపిల్లలు పెట్టిన పేరది. ఆ పేరు చెప్పుకుని నువ్వు నవ్వింది ఆ ఒక్కరోజే.

మరుసటి ఆదివారం ఆసామి భార్య గుమ్మంలోనే ఆపింది.

"ఏమే, ఆ మచ్చలు మా పిల్లలకంటుకుంటే ఎవరిదే పూచీ? తీసుకుపో దాన్ని."

"అంటుకోవని డాక్టరుగారు చెప్పారండీ అమ్మగారూ."

తలుపేసింది. "కథలో తర్వాత ఏమైందే అమ్మా?" అంటూ ఆ పూట అన్నం ముట్టకుండా పడుకున్నావు. ఆ వానాకాలమే జ్వరమొచ్చి పోయావు. ఆ అమ్మగారు కూడా వచ్చి ఏడ్చింది, దూరంగా నిలబడి.

నా బుడ్డమ్మతో చదివిన పిల్లల్లారా, మీరిప్పుడు అమ్మలయ్యారు. ఎవరి బిడ్డ గుమ్మంలోకొచ్చినా లోపలికి పిలవండమ్మా. బిడ్డలకు పెట్టి, మీరు కూడా వేళకు కడుపునిండా తినండి.