సుట్టం ఒకడే, ఇండ్లు ఏడు

అజ్మతుల్లా మందుల షాపులో ఏది కొన్నా సెరటోనిన్ పాఠం ఉచితం. వద్దన్నా ఉచితమే. ప్రొద్దుటూరులో ఆయన పాఠం వినని చెవి లేదు. జ్వరం బిళ్ళకని పోయినవాడు ఇంటికి చేరేలోపల జ్వరమే విసుగెత్తి దిగిపోతుందని ఊళ్ళో చెప్పుకుంటారు.

ఆ షాపు కౌంటర్లో నాగవేణి తొమ్మిదేండ్లుగా మందులిస్తోంది. అంటే తొమ్మిదేండ్లుగా ఆ పాఠం వింటోంది. ఒకసారి ఇంట్లో పప్పుకు తాలింపు వేస్తూ తనకు తెలియకుండానే "సుట్టం ఒకడే" అని గొణిగితే, ఎవరో వస్తున్నారనుకుని పాపం మొగుడు ఇంకో గ్లాసు బియ్యం కడిగి పెట్టాడు.

పాఠం ఎప్పుడూ ఒకే తీరున మొదలవుతుంది.

"సుట్టం ఒకడే అప్పా. పేరు సెరటోనిన్. మన ఒంట్లో వానికి ఏడిండ్లుండాయి. రిసెప్టర్లంటారు. ఒక్కో ఇంట్లో ఒక్కో మర్యాద. ఒకటో ఇంట్లో దిగితే మనసు సల్లబడతాది. రెండో ఇంట్లో దిగితే నెత్తురు గడ్డ కడతాది. మూడో ఇంట్లో దిగితే కక్కు. నాలుగో ఇంట్లో దిగితే పేగులు కదుల్తాయి. ఆరో ఇల్లు గ్యాపకానికి, ఏడో ఇల్లు నిద్రకు."

"మరి ఐదో ఇల్లు?" అని ఎవరైనా అడిగితే ఆయన ముఖం కాస్త చిన్నబోతుంది.

"ఆ ఇంట్లో ఏం జరుగుతాందో డాక్టర్లకే సరిగ్గా తెల్దు. ఎప్పుడూ తలుపేసుకోనుంటారు."

దర్జీ పని చేసే గులాబ్‌బీకి ఒంటిచెంప తలనొప్పి. కళ్ళు మూసుకుని కౌంటరు పట్టుకుని నిలబడింది.

"ఇది గూడా ఒకటో ఇల్లే గులాబ్‌బీ. ఆ ఇంటికి శానా వాకిండ్లుండాయి. బీ వాకిలి, డీ వాకిలి. తలలో నరాలు ఉబ్బినాయి గదా, ఈ మాత్ర పోయి ఆ వాకిండ్లు తడితే..."

"తట్టేది మెల్లగా తడతాదిలే భాయ్, ముందు మాత్ర ఈయప్పా. తల పగిలిపోతాంది!"

వేలు తెగి ప్లాస్టర్ కోసం వచ్చినవాడినీ ఆయన వదలడు. రక్తం ఆగాలంటే రెండో ఇంటికి సుట్టం రావల్లంటాడు. జమ్మలమడుగులో ఒక పెండ్లిలో నాలుగో ప్లేటు బిర్యానీ పెట్టించుకుంటున్న పెండ్లికొడుకు చిన్నాయన వెనక నిలబడి, "రెండో ఇంట్లో సీ వాకిలి మూసుకునింది. ఆ వాకిలి తెరిస్తేనే కడుపు నిండిందని తెలిసేది" అని పక్కవాళ్ళకు చెప్పాడు. ఆ చిన్నాయన ఇప్పటికీ ఆ షాపు వీధిలోకి రాడు.

గండికోటకు పోయే బస్సులో ఒకామె వాంతి చేసుకుంటే అందరూ ముక్కులు మూసుకుని వెనక సీట్లకు పరిగెత్తారు. అజ్మతుల్లా ఒక్కడే కవరు పట్టుకుని ముందుకు పరిగెత్తాడు. "మూడో ఇల్లు! సూడండప్పా, మూడో ఇల్లు!" అని కోట బురుజు కనిపించినంత సంబరంగా అరిచాడు.

ఈ పిచ్చికి కారణం నాగవేణి ఎప్పుడో కనిపెట్టేసింది. ఫార్మసీ పరీక్షలో ఈ ప్రశ్నకే ఆయన రెండుసార్లు తప్పాడని ఎవరో చెప్పారు. పరీక్ష మీద కోపం ఊరి మీద తీర్చుకుంటున్నాడని ఆమె తీర్మానం. దానికి తోడు కవర్ల గోల ఒకటి. మందుల కవరు మీద మనిషి పేరు రాయకూడదు, ఆ మందు పాఠంలో ఏ ఇంటిదో ఆ నంబరే రాయాలి. పేరున్న బిల్లు మడిచి లోపల పెట్టాలి. "పేరు పైన రాస్తే ఏం పోతాదన్నా?" అని అడిగితే ఆయన ఒకటో ఇంటి నుంచి పాఠం మొదలుపెట్టేవాడు. అందుకని ఆమె అడగడం మానేసింది.

వేముల దగ్గరి పల్లె నుంచి మునెయ్య నెలకోసారి వచ్చేవాడు. గొర్రెల కాపరి. నీలినాలుక రోగం వచ్చి మందలో సగం పోయినప్పటి నుంచి ఆయనకు తిండి లేదు, నిద్ర లేదు, మాట లేదు. డాక్టరు మనసుకు మాత్రలు రాశాడు. పక్కనున్న పులివెందులలో కొంటే తెలిసినవాళ్ళు చూసి పిచ్చోడంటారని, బస్సెక్కి ఇంత దూరం వచ్చేవాడు. వచ్చి కూడా తువ్వాలు సగం ముఖానికి చుట్టుకునేవాడు. ఈ మధ్యనే రెండు పూటలా తింటున్నాడు. ఇప్పుడు మాత్ర మానేస్తే మళ్ళీ మొదటికొస్తుందని డాక్టరు గట్టిగా చెప్పి పంపాడు.

ఆ రోజు షాపు కిటకిటలాడుతోంది. మునెయ్య చీటీ ఇచ్చాడో లేదో, వెనక నుంచి ఒక గొంతు.

"ఏంది మామా, ఈడుండావు?"

సొంత అక్క కొడుకు నాగేంద్ర. మునెయ్య ముఖం రంగు మారింది. చెయ్యి వెనక్కి తీసుకుని మాత్రలొద్దన్నట్టు తల తిప్పాడు. ఈ మనిషి గడప దిగితే ఇక రాడని నాగవేణికి అర్థమైంది.

"త... తలనొప్పిరా. నువ్వేంది?"

నాగేంద్ర కూడా తన చీటీని గబగబా నాలుగు మడతలు పెట్టి కౌంటరు మీదికి తోశాడు. "నాకూ తలనొప్పే మామా."

"సుట్టం ఒకడే అప్పా!" అజ్మతుల్లా గొంతు బజారంతా వినిపించింది. "తలనొప్పికి ఒకటో ఇల్లు, ఈ అమ్మ వాంతులకు మూడో ఇల్లు, ఆ పెద్దాయన మలబద్ధకానికి నాలుగో ఇల్లు..." పెద్దాయన సిగ్గుపడ్డాడు, జనం నవ్వారు, మునెయ్య వైపు ఎవరూ చూడలేదు. ఆ సందడిలో నాగవేణి రెండు చీటీలూ విప్పి, రెండు కవర్లు కట్టి, చెరొకటి ఇచ్చి పంపేసింది. రెంటి మీదా ఒకటే నంబరు. ఒకటి.

వాళ్ళు పోయిన గంటకు ఆమెకు అసలు సంగతి తట్టింది. నాగేంద్రకూ అవే మాత్రలు, అదే మోతాదు. బోరు ఎండి చీనీతోట పోయినప్పటి నుంచి వాడుతున్నాడు. ఏ కవరు ఎవరికిచ్చిందో ఆమెకు గుర్తులేదు. లోపల బిల్లుల మీద మాత్రం పేర్లున్నాయి! బిల్లు పుస్తకంలో నంబరు వెతికి ఫోన్ చేసింది.

"మునెయ్యన్నా, కవరు మారిందేమో, పొరపాటు నాది..."

"తెలుసులేమ్మా," అంది అవతలి గొంతు. "జమ్మలమడుగు దాటినాక బిల్లు తీసి సూసినా. నా పేరు ల్యా, వాని పేరుండాది. పక్క సీట్లో వాడు నా పేరు సూసి నోరు తెరిసినాడు. మార్చుకున్న్యాం." మళ్ళీ తనే, "ఒకే పల్లెలో ఉండి ఏడాదిగా ఇద్దరం ఒకరికి తెలీకుండా ఒకరం ఇంత దూరం వచ్చినామంట సూడమ్మా! వాడు ఇంకా నవ్వుతానే ఉండాడు" అన్నాడు.

ఫోన్ పెట్టేసి నాగవేణి కూలబడి అంతా చెప్పింది. అజ్మతుల్లా ముందు కోప్పడ్డాడు. ఇకమీదట బిల్లు రెండుసార్లు చూడమన్నాడు. తర్వాత మెల్లగా అన్నాడు.

"అందరికీ పాఠం చెప్పకపోతే, మనసు మాత్రలకొచ్చేవాళ్ళకు మాత్రం గొంతు తగ్గించి చెప్పాల్సొస్తాదమ్మా. నేను గొంతు తగ్గిస్తే లైన్లో అందరూ చెవులు నిక్కబెడతారు. కవరు మీద ఒకటని ఉంటే తలనొప్పో మనసో ఎవరికీ తెల్దు."

తొమ్మిదేండ్ల విసుగు గుర్తొచ్చి నాగవేణికి సిగ్గేసింది. ఆయన మీద కొండంత అభిమానమూ పుట్టింది. "మరి పరీక్ష తప్పినావన్నది?" అని అడిగింది.

"అదీ నిజమే. ఐదో ఇల్లు రాయలేకపోతి."

మరుసటి నెల అజ్మతుల్లా ఎవరిదో పెండ్లికని ఊరెళ్ళాడు. మామా అల్లుళ్ళిద్దరూ తువ్వాళ్ళు భుజాన వేసుకుని, కలిసి వచ్చి లైన్లో నిలబడ్డారు. వాళ్ళ ముందున్నామె తలకు నూనె సీసా అడిగింది. నాగవేణి సీసా ఇచ్చి, గొంతు సవరించుకుంది.

"సుట్టం ఒకడే అమ్మా. ఏడిండ్లుండాయి. ఒకటో ఇల్లు, రెండో ఇల్లు, మూడో ఇల్లు... ఐదో ఇల్లు..."

"అమ్మా నాగవేణమ్మా," అన్నాడు మునెయ్య వెనక నుంచి, షాపంతా వినిపించేలా. "నాలుగో ఇల్లు ఇడిసిపెట్టినావు. పేగులు!"