లాప్‌టాప్‌లో రెండు రౌటర్లు

హోసూరులో నేను అద్దెకున్న గదిలో నాతోపాటు ఒక అక్క ఉండేది. అంచెట్టి వైపు కొండపల్లె ఆమెది, బట్టల ఫ్యాక్టరీలో కుట్టుపని. నేను డిప్లొమా ముగించి నెట్‌వర్క్ ఉద్యోగం కోసం తిరుగుతున్నాను. పోయిన ప్రతిచోటా రౌటర్ మీద చెయ్యి పెట్టావా అని అడిగేవారు. మా కాలేజీలో ఉన్న ఒక్క రౌటర్ అద్దాల బీరువా దాటి బయటికి రాగా నేను చూడలేదు.

చివరికి నా పాత లాప్‌టాప్‌లోనే వర్చువల్ రౌటర్ పెట్టుకున్నాను. పెట్టె ఉండదు, తీగలుండవు. రౌటర్ చేసే పనంతా సాఫ్ట్‌వేరే చేస్తుంది. ఒకటి బాగానే నడిచింది. రెండోది తెరిస్తే లాప్‌టాప్ దోసెపెనంలా కాలేది. అక్క స్టీలు తట్ట బోర్లించి దాని కింద పెట్టేది. ఇందులో రౌటర్ కనపడలేదే, అదేం చేస్తుందని అక్క అడిగితే, కృష్ణగిరి బస్టాండులో ఏ ఊరి బస్సు ఎటు పోవాలో చెప్పే మనిషి లాంటిదన్నాను.

మూడు ఆదివారాలు ఒక రౌటర్ నుంచి రెండోదానికి పింగ్ పంపాను. పలకరిస్తే పలకాలి, అంతే. పలకలేదు. అడ్రసులు చెరిపి మళ్ళీ మళ్ళీ రాశాను. మూడో ఆదివారం ఏడుపొచ్చింది. కొత్తిమీర ఒలుస్తున్న అక్క వచ్చి పక్కన కూర్చుని, స్క్రీన్ మీద అక్షరాలు కూడబలుక్కుంది.

"ఈడ డౌన్ అని ఉండాది గదమ్మా. మా లైన్లో మిషన్ డౌన్ అంటే ఆగిపోయిందని. దీన్ని ఆన్ చేసినావా?"

చెయ్యలేదు. రౌటర్‌లో రాకపోకలు సాగే ద్వారం, అంటే పోర్టు, మొదట మూసే ఉంటుందని చదివి కూడా మరిచాను. దాన్ని తెరిచే ఒక్క ఆదేశం కొట్టి మళ్ళీ పింగ్ పంపాను. ముందు ఒక చుక్క పడింది, అంటే జవాబు రాలేదని; తర్వాత వరసగా నాలుగు జవాబులు. మొదటిది ఎందుకు పోయిందని అక్క అడిగింది. అవతలివాళ్ళ చిరునామా కనుక్కునే లోపల అది తప్పిపోతుందని చెప్పాను.

"మా ఊరికి వచ్చేవాళ్ళూ అంతే. దారి అడిగేలోపల బస్సు పోతుంది" అని నవ్వింది.

తర్వాత సూళగిరిలో ఒక కంపెనీ ఇంటర్వ్యూలో పలకని రౌటర్‌ను చూపి తప్పు పట్టమన్నారు. ముందు పోర్టే చూశాను. ఉద్యోగం వచ్చింది. ఆ సాయంత్రం అక్క కేసరి చేసింది.

మరుసటి ఏడు ఆమె ఊరికి వెళ్ళి సొంతంగా కుట్టుమిషన్ పెట్టుకుంది. ఇప్పుడు నా కంప్యూటర్లో ఇరవై రౌటర్లు ఒకేసారి తెరుచుకుంటాయి. అవి నడుస్తున్నప్పుడు, ఇదేందమ్మా అని అడిగే మనిషి పక్కన లేకపోవడం తెలుస్తూనే ఉంటుంది.