బర్రె ఈనే పొద్దున చేసిన ఫోన్లు

ఇటు రండి, ఈ గోనెపట్టా మీద కూర్చోండి. ఇంకొంచెం దగ్గరికి జరగండి, నా గొంతు ఈమధ్య పైకి లేవడం లేదు. చేతిలో పనుంటే పక్కన పెట్టక్కర్లేదు, చేసుకుంటూనే వినండి. ఇది నిరుటి వానాకాలం మాట.

మా ఊరు దంతాలపల్లి మండలంలో ఉంటుంది. ఆ రోజు ఇంట్లో మగవాళ్లు లేరు. మా ఆయన, మా బావ కలిసి వాళ్ల మేనమామ అస్థికలు గోదావరిలో కలపడానికి కాళేశ్వరం పోయారు. మిగిలింది నేనూ, మా యారాలూ. యారాలంటే మా బావ భార్య, గోడకు అవతలి ఇంట్లోనే ఉంటుంది.

తెల్లవారి పేడ తీయడానికి కొట్టంలోకి పోతే, మా బర్రె నిలబడలేక, పడుకోలేక తిరుగుతోంది. ఉమ్మనీరు అప్పటికే పోయింది. దూడ గిట్ట ఒకటి బయటికి కనబడుతోంది. రెండో గిట్ట కూడా రావాలి, వాటి మీద ఆనించినట్టు మూతి రావాలి, అప్పుడే ఈత సాఫీ. ఎంత చూసినా రెండో గిట్ట రాలేదు.

ఆ బర్రెను నేను ఊరికే కొనుక్కొచ్చి కట్టేసుకోలేదు. పుట్టగానే దాని తల్లి చచ్చిపోతే, వేళ్లు నోట్లో పెట్టి పాలు తాగడం నేర్పించి పెంచాను. అది నా అలికిడి వినగానే తల తిప్పుతుంది. ఆ పొద్దున కూడా తిప్పింది. ఏం చేస్తావో చెయ్యి అన్నట్టు చూసింది.

"అక్కా, ఒక్కసారి రాయే!" అని గోడ మీదుగా కేకేశాను.

యారాలు వచ్చి, చూసి, కొంగు నడుముకు చుట్టింది. "ఒక్క కాలేందే? దుడ్డె అడ్డం తిరిగినట్టున్నది. డాక్టర్‌కు ఫోన్ చెయ్."

పశువుల డాక్టరు ఫోను బందై ఉంది. పశువుల దవాఖాన ఎదురింటామెకు చేస్తే, తాళం వేసి ఉందని చెప్పింది. పక్క మండలం కూడా ఆయనకే అప్పగించారట, అటు పోయి ఉంటాడంది. మా ఆయనకు చేస్తే మోగి మోగి ఆగిపోయింది. నదిలో దిగే మనిషి ఫోను సంచిలోనే పెడతాడు కదా. ఇక మిగిలింది సర్కారు బండి. పశువుల కోసం తిరిగే అంబులెన్సు అది, ఫోను చేస్తే ఇంటికే వస్తుందని పంచాయితీ వాళ్లు చాటింపు వేయించారు. నా చదువు రెండో తరగతితోనే ఆగిపోయింది గానీ, ఒకసారి విన్న నంబరు మరిచిపోను.

చేశాను. ముందు పాట వచ్చింది, తర్వాత ఒక ఆడగొంతు. తెలుగు కావాలంటే ఒకటి నొక్కమంది. నాది బటన్ల ఫోను. చెవి దగ్గరుంటే బటన్లు కనబడవు, కళ్ల ముందుకు తెస్తే మాట వినబడదు. నొక్కి మళ్లీ చెవికి పెట్టుకునేసరికి ఆమె ఇంకేదో చెప్పి ముగించేసింది. "జర ఆగవ్వా, బర్రె పానం మీదికొచ్చింది" అన్నాను. అది రికార్డు గొంతని నాకు తెలుసు. అయినా అన్నాను.

చాలాసేపటికి నిజం మనిషి ఎత్తింది. లేత గొంతు, మర్యాదగా మాట్లాడింది.

"నమస్కారం అమ్మా. మీ జిల్లా చెప్పండి."

"వరంగల్లు బిడ్డా."

"మండలం?"

"దంతాలపల్లి."

టకటక చప్పుడు వినబడింది. "వరంగల్‌లో దంతాలపల్లి చూపించట్లేదమ్మా."

"సూపియ్యకపోవుడేంది? నేను గీడనే నిలబడ్డ. బర్రె గీడనే ఉన్నది!"

"జిల్లా ఒకసారి సరిగ్గా చెప్పండమ్మా."

"సరిగ్గనే చెప్తున్న. పుట్టినకాంచి గదే జిల్లా!"

అబద్ధం చెప్పలేదు. నేను పుట్టింది జనగామ పక్కన, అత్తగారిల్లు ఇక్కడ, మా చెల్లె కాపురం భూపాలపల్లి బొగ్గుబావుల క్వార్టర్లలో. మా పెళ్లిళ్లప్పుడు మూడూ ఒకే జిల్లా. తర్వాత మూడు జిల్లాలయ్యాయి. బోర్డులు మారడం నేను కళ్లారా చూశాను, కానీ భయం పుట్టినప్పుడు నోటికి పాతదే వస్తుంది. ఆ అమ్మాయి ఇంకేదో అడుగుతుండగానే ఫోను తెగిపోయింది.

మళ్లీ చేస్తే ఈసారి ఇంకెవరో మగపిల్లవాడు ఎత్తాడు. కథంతా మొదటినుంచి చెప్పాలి. జిల్లా అడిగాడు. ఈసారి తడబడలేదు, "మానుకోట" అన్నాను.

"ఆ పేరుతో జిల్లా లేదమ్మా."

బర్రె తోక దగ్గరనుంచి యారాలు అరిచింది. "మహబూబాబాద్ అనవే! మానుకోట మనకు, కాయితాలకు కాదు!"

జిల్లా దొరికింది, మండలం దొరికింది, ఊరు దొరికింది. బర్రె ఎవరి పేరు మీద ఉందని అడిగాడు. మా ఆయన పేరు మీద అన్నాను. ఆయన పేరు చెప్పమన్నాడు. నా నాలుక అక్కడే ఆగిపోయింది. పెళ్లయిన నాటినుంచి ఆ పేరు నేను పలకలేదు. మా అమ్మా, మా అత్తా కూడా వాళ్ల మొగుళ్ల పేర్లు పలకలేదు.

"హలో? అమ్మా, వినబడుతోందా?"

యారాలు చేయి కడుక్కోకుండానే ఫోను లాక్కుంది. "ఇటియ్యే! బర్రె సస్తుంటె గిప్పుడా నీ సిగ్గు? పేరు చెప్తె అరిగిపోతడా నీ మొగడు?" మరిది పేరు పలకడానికి ఆమెకు అడ్డేముంది? ఇంటిపేరుతో సహా ఊరంతా వినేలా చెప్పింది.

కొంతసేపటికి బండి నడిపే అతను ఫోను చేశాడు. "వేరే ఊర్ల ఆవుకు కుట్లేస్తున్నరు అవ్వా. అయినంక వస్తం. మీరు మాత్రం గుంజకుండ్రి, లోపల చినుగుతది."

గుంజలేదు. బర్రె పక్కకు ఒరిగి పడుకుంది. దాని మెడ కింద గడ్డి సర్ది, నుదురు రాస్తూ కూర్చున్నాను. ఊపిరి బుసబుసమంటూ నా చీరకు తగులుతోంది. మళ్లీ ఫోను చేశాను, బండి దారిలో ఉందన్నారు. మళ్లీ చేశాను, అదే మాట. ఎవరూ కసురుకోలేదు. కసురుకుని ఉంటే నేనూ నాలుగు తిట్టేదాన్ని, గుండె బరువు కొంత దిగేది. అంత నెమ్మదిగా మాట్లాడే వాళ్లను ఏమని తిడతాం?

పొద్దు నడినెత్తికి వచ్చాక బండి వచ్చింది. డాక్టరు కుర్రవాడే. మోచేతుల దాకా సబ్బు రాసుకుని, నేల మీద బోర్లా పడుకుని, లోపల దుడ్డె రెండో కాలూ, తలా సవరించి బయటికి తీశాడు. ఆడ దుడ్డె. తడి వెంట్రుకలతో, నుదుట తెల్లచుక్కతో ఎంత చక్కగా ఉందో. కదల్లేదు. ముక్కులో గడ్డిపోచ పెట్టి చూశాడు, కాళ్లు పట్టి ఊపాడు, ఛాతీ రుద్దాడు. తర్వాత చేతులు వదిలేశాడు.

"జర ముందొస్తే దక్కునేమో అవ్వా. పొద్దటిసంది తిరుగుతనే ఉన్నం, బండి ఒక్కటే" అన్నాడు. అతని అంగీ చెమటకు వీపుకు అంటుకుపోయింది. నీళ్లిచ్చాను, తాగాడు. బర్రెకు సూదులు వేసి, అది బతుకుతుందని చెప్పి, ఇంకో ఊరికి పోయాడు.

బర్రె బతికింది. కానీ పొదుగు బిగిసిపోయినా పాలు చేపదు, కిందికి వదలదు. కుడితి పెట్టినా, పొదుగు నిమిరినా చేపదు. దుడ్డె తోలులో వరిగడ్డి కుక్కి ముందర నిలబెడితే వాసన చూసి చేపేదని యారాలు అంది. అప్పటికే చేను గట్టున పాతిపెట్టి వచ్చాం.

అట్లా దాని పక్కన కూర్చుని ఉండగా ఫోను మోగింది. సర్కారు బండి ఆఫీసునుంచే, ఆడపిల్ల. "అమ్మా, మా సేవ మీకు అందిందా? తృప్తిగా ఉందా?"

బర్రె గట్టు వైపు మొహం తిప్పి గట్టిగా అరిచింది.

"అదేం చప్పుడమ్మా?"

"మా బర్రె బిడ్డా. దుడ్డె కోసం పిలుస్తున్నది."

ఆ పిల్ల చిన్న గొంతుతో అడిగింది. "మీకు ఇంకేమైనా సహాయం కావాలా అమ్మా?"

"ఏమొద్దు బిడ్డా, నువ్వు తిన్నవా?" అన్నాను. ఇంకా లేదంది. తినమని చెప్పి పెట్టేశాను.

ఇంతసేపు విన్నారు. మీ కొట్టంలో పుట్టినవన్నీ లేచి నిలబడాలి, తూలుకుంటూ పోయి తల్లి పొదుగు వెతుక్కోవాలి. మీ ఇంటి కేక అందవలసిన చెవికి అందవలసిన వేళకే అందాలి. పిల్లాజెల్లా, గొడ్డూగోదా, అందరూ చల్లగా ఉండండి.