థేమ్స్ వీధిలో పీర్ల పులి

వరంగల్‌లో ఎం.ఫిల్ చేస్తున్నప్పుడు నేను ఎంచుకున్న విషయం జానపద ప్రదర్శనల్లో హాస్యగాడు. తోలుబొమ్మలాట మధ్యలో దూరి రాజునే వెక్కిరించేవాడికి, వీధి భాగవతంలో దేవుడితోనే పరాచికాలాడేవాడికి అంత చనువు ఎవరిచ్చారన్నది నా ప్రశ్న. దాని వెంట పడి చదువుతుంటే పాశ్చాత్య సాహిత్య విమర్శలో కార్నివాల్ అనే మాట తగిలింది. ఏడాదికోసారి ఊరు ఊరంతా వీధిలోకి వస్తుంది. మగవాళ్లు ఆడవేషం కడతారు, అమాయకుణ్ణి తెచ్చి సింహాసనం ఎక్కిస్తారు, పెద్దవాళ్లను చూసి పగలబడి నవ్వుతారు, మర్నాడు ఎవరి పనిలోకి వాళ్లు వెళ్లిపోతారు. ఆ నవ్వు గురించి సగం అధ్యాయం రాశాను. అంతలో పెళ్లయింది, ఆక్లాండ్ వచ్చేశాను. టకానినిలో ఇల్లు, ఒక వృద్ధాశ్రమంలో ఉద్యోగం. కార్నివాల్ మీద అన్ని పేజీలు నింపిన నేను ఒక్క కార్నివాల్‌నైనా కళ్లారా చూడలేదు.

2008 జనవరి చివర్లో ఆ అవకాశం మా టీ గదిలో నోటీసు బోర్డు మీద కనిపించింది. వచ్చే శనివారం, ఆక్లాండ్‌కు గంటంబావు దూరంలోని థేమ్స్ అనే ఊళ్లో కార్నివాల్, వేషాలతో ఊరేగింపు, అందరూ ఆహ్వానితులే. మాతోపాటు పనిచేసే నర్సు రోసమ్మ ఆంటీది గుంటూరు. ఆవిడ ఆ కాగితం చూసి, ఆ పై బుధవారం నుంచే నలభై రోజుల ఉపవాసాల శ్రమదినాలు మొదలవుతాయనీ, ఈస్టర్ దాకా తను మాంసం ముట్టననీ చెప్పారు. కార్నివాల్ అంటే మాంసానికి వీడ్కోలు అని అర్థం చెబుతారనీ, ఉపవాసానికి ముందు కడుపారా తిని మనసారా నవ్వుకునే రోజులనీ వాళ్ల ఫాదర్ చిన్నప్పుడు చెప్పారట. నా సగం అధ్యాయంలో లేనిది ఇదే. నవ్వు గురించి రాశాను కానీ ఆ నవ్వు తర్వాత వచ్చే ఉపవాసం గురించి ఒక్క వాక్యం రాయలేదు. అక్కడికక్కడే ఇద్దరం వెళ్లాలని నిర్ణయించుకున్నాం.

మూడో మనిషి మౌలన్న. మా ఇంటి ఎదురుగా కడుతున్న కొత్త ఇళ్లకు రంగులు వేసే పెయింటర్. నల్గొండ దగ్గర పల్లెటూరు. పేరు మౌలయ్య, హిందువు. వాళ్ల నాన్న పీర్లకు మొక్కుకుంటే పుట్టాడని ఆ పేరు పెట్టారు. తెలియనివాళ్ల కోసం చెబుతున్నాను, మొహర్రం రోజుల్లో తెలంగాణ పల్లెల్లో పీర్లను, అంటే ఇమాముల గుర్తుగా పట్టుబట్టలు చుట్టిన లోహపు పంజాలను, ఎత్తుతారు. హిందువులు, ముస్లింలు అన్న తేడా లేకుండా ఊరంతా మొక్కుతుంది, నిప్పుల గుండం చుట్టూ తిరుగుతూ ఆడుతుంది. మొక్కున్నవాళ్లు పులివేషం కట్టి డప్పుల మీద ఆడతారు. మౌలన్నకు టీ ఇస్తూ కార్నివాల్ సంగతి చెప్పాను. అతను కప్పు పక్కన పెట్టేశాడు.

“అక్కా, ఆడ ఎవరైనా వేషం కట్టొచ్చా?” అన్నాడు. “నాది ఒక పులి మిగిలున్నది.”

అయిదు పులులు కడతానని మొక్కాడట. నాలుగు కట్టాక ఈ దేశం వచ్చాడు. తొమ్మిదేళ్లుగా మొహర్రం వస్తోంది, పోతోంది, సెలవు మాత్రం కుదరడం లేదు. ఆ ఏడాది మొహర్రం అయిపోయి అప్పటికి రెండు వారాలే. ఎందుకు మొక్కావని నేను అడగలేదు, మొక్కులు అడిగి చెప్పించుకునేవి కావు. అతనికి ఉన్న భయం ఒక్కటే, పీరు లేని చోట, గుండం లేని చోట ఆడితే ఆ మొక్కు చెల్లుతుందా అని. ఆ రాత్రే ఊరికి ఫోన్ చేసి, పీర్లను ఎత్తే పెద్దాయనను అడిగాడు. ఊదు పొగ వేసి, పీరును తలుచుకొని మొదలుపెట్టమని, ఆడాక మలీద నలుగురికీ పంచమని ఆయన చెప్పాడట. మలీద అంటే రొట్టెలను నలిపి బెల్లంతో కలిపి చేసే ప్రసాదం. మర్నాడు బోటనీ డౌన్స్ షాపింగ్ సెంటర్‌కు వెళ్లి ఒంటికి పూసుకునే రంగులు కొనుక్కొచ్చాడు. ఇళ్లకు వేసే రంగు చర్మానికి ఎంత చెడ్డదో అతనికి తెలిసినంతగా మరెవరికి తెలుస్తుంది?

శనివారం ఉదయం ఆరున్నరకు నా కరోలాలో బయలుదేరాం. వెనక సీట్లో మౌలన్న కూతురు శ్రావణి కూడా ఉంది. పద్నాలుగేళ్ల పిల్ల, వాళ్లమ్మకు ఆ రోజు డ్యూటీ ఉండటంతో తప్పక వచ్చింది. తెలుగు అంతా అర్థమవుతుంది, జవాబు మాత్రం ఇంగ్లిష్‌లోనే. నాన్న నడివీధిలో చొక్కా లేకుండా చారలు పూసుకుని గంతులేస్తాడని తెలిసినప్పటినుంచీ ఆ పిల్ల మొహం గంటు పెట్టుకునే ఉంది. ఎవరైనా వీడియో తీస్తే, అది స్కూల్లో చూస్తే తన పరిస్థితేమిటని ఒక్కసారి అడిగి హుడ్ తల మీదికి లాక్కుంది. మౌలన్న ఒళ్లో పెయింట్ బకెట్, అందులో బ్రష్షులు, కలిపే కర్రలు, పైన మలీద డబ్బా. వాటిని చంటిపిల్లలా పట్టుకుని కూర్చున్నాడు.

దారి సులువే. మోటార్‌వే మీద దక్షిణంగా వెళ్తే బాంబే అనే ఊరు వస్తుంది. మనవాళ్లెవరూ ఆ బోర్డు చూసి నవ్వకుండా ఉండలేరు, మేమూ నవ్వాం. ఆ తర్వాత రెండో నంబరు హైవే, దాన్నుంచి ఎడమకు ఇరవై అయిదో నంబరు. అటూ ఇటూ చదునైన పచ్చిక, ఆవులు, దూరంగా కోరమాండల్ కొండలు. మామూలుగా గంటంబావు ప్రయాణం. కానీ కోపు వంతెన దగ్గర ఒక్కటే వరస. సిగ్నల్ పెట్టి ఒకసారి ఇటువాళ్లను, ఒకసారి అటువాళ్లను వదులుతారు. వేసవి శనివారం కదా, ముప్పావుగంట ఆగాం. ముందు కార్లోని కుర్రాళ్లు దిగి రోడ్డు పక్కన క్రికెట్ మొదలుపెట్టారు. రోసమ్మ ఆంటీ పులిహోర పొట్లాలు విప్పారు. నాకైతే కార్నివాల్ అక్కడే మొదలైనట్టనిపించింది.

ఎనిమిదిన్నర దాటాక థేమ్స్ చేరాం. ఒకప్పుడు బంగారు గనులతో వెలిగిన ఊరు, పొడవాటి పోలెన్ వీధి, చెక్క వరండాల పాత దుకాణాలు, ఓ పక్క కొండ, ఓ పక్క సముద్రం. పసుపు జాకెట్టు వేసుకున్న నిర్వాహకురాలు పేర్ల జాబితా నిన్ననే ముగిసిందని ముందు తల అడ్డంగా ఊపింది. నేను మొక్కు సంగతి నాకు వచ్చిన ఇంగ్లిష్‌లో చెప్పాను. ఆమె కాసేపు మౌలన్న కాళ్లకేసి చూసింది. అతను అప్పటికే చెప్పులు విప్పేసి నిలబడ్డాడు. స్కాటిష్ బ్యాగ్‌పైప్ బృందానికీ ఫైర్ ఇంజన్‌కూ మధ్య కొంచెం ఖాళీ ఉంది, అక్కడ నడవమని చెప్పి, ఏ పేరు రాయాలని అడిగింది. పీర్ల పులి అని రాయమన్నాడు మౌలన్న. ఆమెకు నోరు తిరగక ‘టకానిని పులి’ అని రాసుకుంది.

ఓ హాలు వెనక చెట్టు నీడలో రంగులు వేయడం మొదలైంది. రెండు గంటలు పట్టింది. ముందువైపు తనే పూసుకున్నాడు, వీపు మీద చారలు మాత్రం రోసమ్మ ఆంటీ గీశారు. మెడలో శిలువ గొలుసు ఊగుతుండగా, పుండుకు కట్టు కట్టినంత శ్రద్ధగా ఒక్కో చారా దిద్దుతూ, “కదలమాకయ్యా, నడుం కాడ వంకరపోతంది” అని కసిరారు. చారలు పూర్తయ్యాక అతను ఊదు వెలిగించి కళ్లు మూసుకున్నాడు. పొగ లేస్తుంటే ఆవిడ కూడా పక్కనే తలవంచి నిలబడ్డారు. ఏమని ప్రార్థించారో నాకు తెలియదు.

పదకొండుకు ఊరేగింపు కదిలింది. నేను పేజీలకు పేజీలు ఊహించి రాసినదంతా కళ్లముందు నడిచిపోతోంది. రగ్బీ ఆడే బండ మనుషులు భార్యల గౌన్లు తొడుక్కుని, లిప్‌స్టిక్ పూసుకుని వయ్యారాలు పోతున్నారు. మా వైపు జాతర్లలో చీర కట్టుకుని మొక్కు తీర్చుకునే మీసాలవాళ్లు గుర్తొచ్చారు. ఓ హెడ్మాస్టరు, పాతకాలంలో నేరస్తులకు వేసేలాంటి చెక్క బొండలో తలా చేతులూ ఇరికించుకుని బండి మీద వస్తుంటే, ఆయన పిల్లలే తడి స్పాంజీలతో మొహం మీద కొడుతున్నారు. దెబ్బ తగిలిన ప్రతిసారీ అందరికన్నా గట్టిగా ఆయనే నవ్వుతున్నాడు. నేనూ ఒక స్పాంజి విసిరాను, గురి తప్పి రోసమ్మ ఆంటీకి తగిలింది.

పులి వంతు వచ్చింది. మౌలన్న టేప్‌రికార్డర్‌లో డప్పుల క్యాసెట్ తెచ్చుకున్నాడు. ఆ హోరులో అది బొత్తిగా వినిపించలేదు. బ్యాగ్‌పైపులు ఆగినప్పుడు కూడా కీచుమనడం తప్ప దెబ్బ లేదు. డప్పు లేకపోతే పులి ఆడలేదు. నడివీధిలో, వందలమంది ఎదుట, నారింజ రంగు పూసుకున్న మనిషి చేతులు వేలాడేసుకుని నిలబడిపోయాడు. బ్యాగ్‌పైప్ బృందంలో తెల్ల మీసాల డ్రమ్మరు వెనక్కి తిరిగి చూసి, సంగతి గ్రహించి, ఎలా కొట్టాలని సైగ చేశాడు. మౌలన్న నోటితో చెప్పాడు, జజ్జనక జజ్జనక అని. ఆయన ప్రయత్నించాడు. నాలుగు దెబ్బలు బాగానే పడతాయి, అయిదో దెబ్బకు అది సైనికుల కవాతు అయిపోతుంది. మళ్లీ మొదలు, మళ్లీ కవాతు.

శ్రావణి నా పక్కనే పేవ్‌మెంట్ మీద హుడ్‌లో మొహం దాచుకుని నడుస్తోంది. మూడోసారీ తప్పేసరికి ఆగిపోయింది. “అట్ల కాదు” అంది, పళ్లు బిగించి, తెలుగులో. నా చేతిలోని పెయింట్ బకెట్ లాక్కుంది, బ్రష్షులు నా మీదికి గుమ్మరించింది, తాడు దాటి వీధిలోకి వెళ్లి బకెట్ బోర్లించి మోకాళ్ల మధ్య పెట్టుకుని కూర్చుంది. రంగు కలిపే రెండు కర్రలతో మొదలుపెట్టింది. పుట్టినప్పటినుంచీ వంటింట్లో డబ్బాల మీద, కార్లో స్టీరింగ్ మీద వాళ్ల నాన్న వేళ్లు కొడుతూ వచ్చిన దరువు అది. ఎవరూ నేర్పలేదు, ఒక్క దెబ్బ తప్పలేదు.

పులి తల ఎత్తింది. ఆ తర్వాత జరిగింది ఎలా రాయాలో నాకు తెలియడం లేదు. నలభై అయిదేళ్ల మనిషి, వారమంతా నిచ్చెనల మీద మాట్లాడకుండా పనిచేసేవాడు, నేల మీదికి వంగి పంజా విసిరాడు, గిరుక్కున తిరిగాడు, గాలిలోకి లేచాడు. తను వెంట తెచ్చి రోడ్డు మీద పెట్టిన నిమ్మకాయను చేతులు ముట్టకుండా పళ్లతో అందుకుని రెండుగా చీల్చాడు. ముందు నెమ్మదిగా వెళ్తున్న హెడ్మాస్టరు బండి దగ్గరకు వెళ్లి గాండ్రిస్తే ఆయన బొండలోంచి తల లాక్కోబోయి ఇరుక్కుపోయాడు. తెల్ల మీసాలాయన శ్రావణి చేతులు చూస్తూ దరువు పట్టేశాడు, ఆయన్ని చూసి మిగతా డ్రమ్మర్లు. ఫైర్ ఇంజన్ హారన్ కలిసింది. పిల్ల బకెట్ చంకలో పెట్టుకుని నడుస్తూ కొడుతోంది, హుడ్ ఎప్పుడు జారిపోయిందో దానికే తెలియదు. వీధి చివర దాకా అలాగే వెళ్లాం. నేనూ రోసమ్మ ఆంటీ పేవ్‌మెంట్ మీద నిలబడలేక ఆడుతూనే వెళ్లాం.

పన్నెండుంబావుకు ఊరేగింపు సముద్రం పక్కన పచ్చికలో ముగిసింది. మౌలన్న మలీద ముద్దలు పంచడం మొదలుపెట్టాడు. అక్కడే వేడి రాళ్ల గుంటలో పొద్దున్నే పూడ్చిపెట్టిన మాంసం, చిలగడదుంపలు బయటికి తీస్తున్న, ఇక్కడి మూలవాసులైన మావోరీల వంటవాడు ఉన్నాడు. హాంగీ అంటారు ఆ వంటను, ప్లేటు పది డాలర్లు. మలీద ముద్ద చేతిలోకి తీసుకుని, ఇది దేనికోసమని అతను శ్రావణిని అడిగాడు. ఆ పిల్లకు తెలియదు. ఏం చెప్పాలని నాన్న వైపు తిరిగింది.

“నీకు రెండేండ్లప్పుడు నిమోనియా అయింది బిడ్డా” అన్నాడు మౌలన్న. “పదకొండు రోజులు దవాఖాన్ల ఉన్నవ్. ఏం చెప్పలేమన్నరు. అయిదు పులులు కడ్తనని మొక్కిన. గిది అయిదోది.”

చెమటకు కరిగి నారింజ, నలుపు కలిసిపోయిన నాన్న మొహం వైపు చూసింది శ్రావణి. ఆ తర్వాత వంటవాడి వైపు తిరిగింది.

“ఇట్స్ ఫర్ మీ” అంది.

మిగతాది గడగడా చెప్పింది. వంటవాడు టోపీ తీసి, ముద్దను అక్కడే నిలబడి తిన్నాడు. డబ్బా ఖాళీ అయ్యేదాకా మిగతా ముద్దలన్నీ శ్రావణే పంచింది. అడిగిన ప్రతివాళ్లకూ మళ్లీ మొదటినుంచీ చెప్పింది. మేం హాంగీ ప్లేట్లు తెచ్చుకుని పచ్చికలో కూర్చున్నాం. ఇక ఈస్టర్ దాకా లేదంటూ రోసమ్మ ఆంటీ పంది మాంసం రెండుసార్లు వడ్డించుకున్నారు.

తిరుగు ప్రయాణంలో అందరూ నిద్రపోయారు, నేను డ్రైవ్ చేస్తూ ఆలోచిస్తూ వచ్చాను. కార్నివాల్ అంటే లోకం తలకిందులవడం అని రాసుకున్నాను ఒకప్పుడు. ఆ రోజు చూసిన హెడ్మాస్టరు విషయంలో అది నిజమే, మర్నాడు ఆయన మళ్లీ హెడ్మాస్టరే. కానీ మౌలన్న విషయంలో తలకిందులైందేమీ లేదు, పన్నెండేళ్లుగా లోపల ఉన్నది వీధిలోకి వచ్చింది, అంతే. నవ్వూ మొక్కూ రెండు వేరు వేరు గదుల్లో ఉంటాయని చదువుకున్న మాలాంటివాళ్లం అనుకుంటాం. పల్లెల్లో వాళ్లెప్పుడూ అలా అనుకోలేదు. పులి పిల్లల్ని నవ్విస్తుంది, భయపెడుతుంది, అదే గంతుతో దేవుడికి ఇచ్చిన మాట కూడా నిలబెట్టుకుంటుంది. ఊరు మారినా, పీరు లేకపోయినా, చుట్టూ నిలబడి చూసే మనుషులుంటే చాలని థేమ్స్‌లో తెలిసింది. సగంలో ఆగిన నా అధ్యాయానికి ఆ వారమే ఎనిమిది పేజీలు రాశాను.

వెళ్లాలనుకునేవాళ్లకు ఒక్క సూచన. వేషం కట్టేట్టయితే రంగులకన్నా ముందు పెద్ద సీసా కొబ్బరినూనె, నాలుగు పాత తువ్వాళ్లు సర్దుకోండి, సబ్బుతో ఆ రంగు వదలదు. మేం అవి మర్చిపోయాం. సోమవారం మౌలన్న చెవుల వెనక నారింజ రంగుతోనే పనికి వెళ్లాడు. ఏమిటది అని అడిగినవాళ్లందరికీ నిచ్చెన దిగివచ్చి మరీ చెప్పాడట.