పెంటయ్య మనవడి పేరు

మా మామ పేరు పెంటయ్య. కిషన్‌బాగ్‌లో నలభై ఏళ్లుగా బర్రెలు సాకి, ఇల్లిల్లూ తిరిగి పాలు పోసిన మనిషి. గేటు బయట నుంచి "పెంటయ్యా!" అని ఎవరు అరిచినా నవ్వుతూ పలికేవాడు. సిగ్గుపడింది కోడలినైన నేనే. మా పెళ్లి కార్డులో ఆయన పేరును ఒక్క 'పి'కి కుదించి అచ్చు వేయించాను. ఎందుకని ఆయన అడగలేదు.

ఆ పేరు కథ మా అత్త పుష్పమ్మ చెప్పింది. ఆయనకు ముందు పుట్టిన ఇద్దరూ దక్కలేదట. మూడోవాణ్ని తల్లి చేటలో పెట్టి, పేడ పోసే పెంట మీద వదిలిందట. పక్కింటామె ఎత్తుకొచ్చి, చారెడు తవుడు తీసుకుని మళ్లీ ఆ తల్లికే అమ్మిందట. పారేసిన బిడ్డ మీద చావు కన్ను పడదని నమ్మకం. అందుకే పెంట. దాని పక్కన ముద్దుగా అయ్య.

విన్నప్పుడు నవ్వాను. తర్వాత నా కొడుకు నెలలు నిండకుండా పుట్టి, ఇరవై రోజులు ఆస్పత్రి అద్దాల పెట్టెలో ఉన్నాడు.

ఇంటికొచ్చాక, పేరు పెట్టే రోజు పొద్దున్నే వాణ్ని చేటలో పడుకోబెట్టి, కొట్టం వెనక పెంట పక్కన దించాను. మామ పరుగున వచ్చాడు.

"ఏందమ్మా గిది? పసిగుడ్డును గిట్ల బయటికి తెస్తరా?"

"మీరే ఎత్తుకోవాలె మామా. పేరు శ్రవణ్‌పెంటయ్య."

ఆయన వాణ్ని ఎత్తి గుండెలకు హత్తుకున్నాడు.

"వద్దు బిడ్డా. బడిల పోరగాండ్లు నవ్వుతరు."

"నవ్వనియ్ మామా. వీడు బడిదాంక పోతే సాలు."